పాడుబడిన కాలిబాటలో నడిచి, క్షేమంగా తిరిగి రావడం ఎలా?

"మ్యాప్‌లో దారి చక్కగా గీసి ఉంది. తీరా అక్కడికి వెళ్తే తుప్పలు తప్ప ఏమీ లేవు. ఇప్పుడేం చేయాలి?" కొండల్లో, అడవుల్లో నడిచే అలవాటున్న వాళ్ళు నన్ను ఎక్కువగా అడిగే ప్రశ్న ఇదే. ఒక్కొక్కరికీ విడివిడిగా చెప్పీ చెప్పీ, ఇక ఒకేచోట రాసి పెడదామని కూర్చున్నాను.

ఇదంతా ఎవరూ బాగుచేయని బాటల గురించి. గుర్తులు చెరిగిపోయినవి, చెట్లు అడ్డంగా పడ్డవి, వానకు కోసుకుపోయినవి. మనుషుల కాళ్ళు పడకపోతే బాట మూసుకుపోవడానికి ఎన్నో ఏళ్ళు అక్కర్లేదు. పక్కల నుంచి తుప్పలు కమ్ముకొస్తాయి, వాననీళ్ళు దాన్నే కాలువ చేసుకుంటాయి, అంతే.

రోజుకు ముప్పై కిలోమీటర్లు నడిచే దమ్ము ఇక్కడ పెద్దగా అక్కరకు రాదు. దారి పోయిందని ఐదు నిమిషాల్లో పసిగట్టినవాళ్ళు వెనక్కి నాలుగడుగులు వేసి సరిచేసుకుంటారు. గంట తర్వాత తెలుసుకున్నవాళ్ళకే టెన్షన్. అందుకే "ఇది కచ్చితంగా బాటే" అని చివరిసారి మీకు నమ్మకంగా తెలిసిన స్థలాన్ని ఎప్పుడూ గుర్తుపెట్టుకోండి. దాన్ని నేను ఖాయం చోటు అంటాను. కింద చెప్పేవాటిలో సగం దాని చుట్టూనే తిరుగుతాయి.

కావలసినవి

- ఆ ప్రాంతం కాగితపు మ్యాప్, ఎత్తు రేఖలు (ఒకే ఎత్తున్న చోట్లను కలుపుతూ గీసిన గీతలు) ఉన్నది. 1:50,000 మ్యాప్‌లో 2 సెంటీమీటర్లంటే నేల మీద ఒక కిలోమీటరు. 1:25,000 దొరికితే ఇంకా మంచిది. తడవకుండా ప్లాస్టిక్ కవరులో పెట్టండి.
- కంపాస్. ఫోన్‌లోది కాదు, విడిగా ఉండేది.
- ముందే డౌన్‌లోడ్ చేసుకున్న మ్యాప్‌తో ఫోన్, పవర్ బ్యాంక్.
- హెడ్‌ల్యాంప్. పగటిపూట నడకే అయినా సరే. అనుకోకుండా చీకటిపడ్డ రోజే దాని అవసరం తెలుస్తుంది.
- విజిల్. సంచిలో అడుగున కాదు, మెడలోనో భుజం పట్టీకో ఉండాలి.
- పొడుగు చేతులు, పొడుగు కాళ్ళ బట్టలు. త్వరగా ఆరేవి. నూలు బట్ట తడిస్తే ఒంటి వేడిని లాగేస్తుంది.
- రంగులేని కళ్ళద్దాలు. నవ్వకండి, కొమ్మల మధ్య నడిచేటప్పుడు కంటికి ఇంతకంటే మంచి రక్షణ లేదు.
- గట్టి చేతికర్ర, ప్రథమ చికిత్స సామాను, వానకోటు, వెచ్చటి పొర ఒకటి, అనుకున్నదానికంటే ఒక పూట ఎక్కువ తిండి, నీళ్ళు.
- దూరం నుంచి కొట్టొచ్చినట్టు కనబడే రంగు గుడ్డపీలికలు నాలుగైదు.

మనుషులు నలుగురుంటే మంచిది. ఒకరికి దెబ్బ తగిలితే ఒకరు తోడుంటారు, ఇద్దరు సాయం కోసం వెళ్తారు. మొదటిసారే ఒంటరిగా మాత్రం వెళ్ళకండి.

1. ఇంట్లోనే గీతను అనుమానించండి

మ్యాప్‌లో గీత ఉందంటే ఎవరో గీశారని మాత్రమే అర్థం. ఫోన్ యాప్‌లు చాలావరకు వాడే ఓపెన్‌స్ట్రీట్‌మ్యాప్‌లో ఎవరైనా దారి చేర్చవచ్చు. నడిచి చేర్చినవాళ్ళుంటారు, ఉపగ్రహ చిత్రం చూసి అందాజాగా గీసినవాళ్ళూ ఉంటారు. అడవి మధ్యలో గీత పొడుగాటి తిన్నని ముక్కలుగా ఉంటే అది అందాజా అనుకోండి. చిన్నచిన్న వంకర్లు తిరుగుతూ వాలుకు తగ్గట్టు పోతుంటే ఎవరో నడిచి నమోదు చేసి ఉండొచ్చు. దారి ఎంత స్పష్టంగా కనిపిస్తుందో చెప్పే వివరం కూడా ఆ మ్యాప్‌లో కొన్ని దారులకు ఉంటుంది. యాప్‌లో గీత మీద నొక్కి చూడండి.

ఎత్తు రేఖల విషయంలో చాలామంది పొరపడేది ఒకటుంది. రెండు రేఖల మధ్య తేడా 20 మీటర్లయితే, 15 మీటర్ల నిట్టనిలువు గోడ వాటి మధ్యలో పూర్తిగా దాక్కోగలదు. మ్యాప్ అబద్ధం చెప్పదు గానీ అన్నీ చెప్పదు.

మ్యాప్ చూస్తూనే నాలుగైదు ఆనవాళ్ళు కాగితం మీద రాసుకోండి. దారి ఎక్కడ వాగు దాటుతుంది, ఎక్కడ శిఖరం వెన్ను ఎక్కుతుంది, ఏ వాగు లేదా రోడ్డు తగిలితే "అతిగా వచ్చేశాం" అని తెలుస్తుంది. ఈ చివరిది మరిచిపోవద్దు.

2. టైమ్ లెక్క వేసి, దాన్ని రెట్టింపు చేయండి

విలియం నైస్మిత్ అనే స్కాట్లండ్ పర్వతారోహకుడు 1892లో ఇచ్చిన లెక్క ఇప్పటికీ పనికొస్తుంది. ఈ రోజు కొలతల్లో చెప్పుకుంటే ప్రతి 5 కిలోమీటర్లకు ఒక గంట, దాని మీద ప్రతి 600 మీటర్ల ఎక్కుడుకు మరో గంట. అయితే అది మంచి దారికి వేసిన లెక్క. పాడుబడిన బాటకు నేను దాన్ని రెట్టింపు చేస్తాను.

ఉదాహరణకు 6 కిలోమీటర్ల దూరం, 450 మీటర్ల ఎక్కుడు. దూరానికి గంటా 12 నిమిషాలు, ఎక్కుడుకు 45 నిమిషాలు, మొత్తం దాదాపు 2 గంటలు. రెట్టింపు చేస్తే 4. తిరుగు ప్రయాణం దిగుడే కదా, గంటలో వచ్చేస్తాం అనుకోవద్దు. ఇలాంటి నేల మీద దిగడానికీ దాదాపు అంతే పడుతుంది. అంటే 12 కిలోమీటర్లకు 8 గంటలు. దట్టమైన తుప్పల్లో పడితే గంటకు ఒక కిలోమీటరు కూడా సాగని సందర్భాలున్నాయి.

ఈ లెక్కను బట్టి వెనుదిరిగే టైమ్ ఇంట్లోనే నిర్ణయించి రాసుకోండి. "పదకొండున్నరకు ఎక్కడున్నా సరే వెనక్కి" అన్నట్టు. కొండ మీద నిలబడి తీసుకునే నిర్ణయం ఎప్పుడూ "ఇంకో పది నిమిషాలు చూద్దాం" అనే వస్తుంది.

ఏ దారిన వెళ్తున్నారు, ఎన్నింటికి తిరిగొస్తారు, ఎన్నింటి దాకా ఫోన్ రాకపోతే ఎవరికి చెప్పాలి: ఈ మూడూ రాసి ఇంట్లో ఒకరికి ఇవ్వండి. అనుమతి అవసరమైన అడవి అయితే అది లేకుండా అడుగుపెట్టవద్దు.

3. బయల్దేరే చోట పది నిమిషాలు ఖర్చుపెట్టండి

ఫోన్‌లో నడక నమోదు మొదలుపెట్టి, ఫ్లైట్ మోడ్‌లో పెట్టండి. దాదాపు అన్ని ఫోన్లలోనూ ఫ్లైట్ మోడ్‌లో జీపీఎస్ పనిచేస్తుంది. సిగ్నల్ లేనిచోట టవర్ కోసం వెతుక్కుంటూ ఫోన్ బ్యాటరీని తినేస్తుంది, ఆ బాధ తప్పుతుంది. ఇరుకు లోయల్లో, దట్టమైన చెట్ల కింద జీపీఎస్ చుక్క పదుల మీటర్లు పక్కకు చూపవచ్చు. అక్కడ చుక్కను చూసి "దారి ఎడమ పక్కనే ఉంది" అని తుప్పల్లోకి దూరకండి.

కంపాస్‌ను ఫోన్‌కి దగ్గరగా పట్టుకోవద్దు. అయస్కాంతపు మూత ఉన్న ఫోన్ కవరు పక్కనుంటే సూది ఎటు తిరుగుతుందో ఇంట్లోనే ఒకసారి చూడండి, జన్మలో మరిచిపోరు. ఒక్క డిగ్రీ తేడా వస్తే కిలోమీటరు నడిచేసరికి 17 మీటర్లు పక్కకు పోతాం. ఐదు డిగ్రీలైతే 87 మీటర్లు. కనుచూపు పది మీటర్లు కూడా ఆనని అడవిలో అది చిన్న తేడా కాదు.

సంచికి బయట వేలాడేవన్నీ లోపల పెట్టేయండి. పక్క జేబులోని నీళ్ళ సీసాను కొమ్మలు ఎంత నేర్పుగా లాగేస్తాయో నాకు తెలుసు. రెండు పోయాయి, రెండూ పోయిన సంగతి దాహం వేసినప్పుడే తెలిసింది.

4. బాటను చదవడం నేర్చుకోండి

కాళ్ళ దగ్గర చూస్తూ నడిస్తే పాత బాట కనిపించదు. పది పదిహేను మీటర్ల ముందుకు చూడండి. అనుమానమొస్తే గొంతుక్కూర్చోండి, పైనుంచి అంతా ఒకేలా పచ్చగా ఉన్నచోట, కింద నుంచి ఆకుల మధ్య సన్నటి సొరంగంలా బాట తెరుచుకుంటుంది. పొద్దున, సాయంత్రం ఏటవాలు ఎండలో నేల మీది పల్లం నీడగా తేలుతుంది. మిట్టమధ్యాహ్నం ఆ సాయం ఉండదు.

మనుషుల బాటకు ఆనవాళ్ళు:

- రంపంతో కోసిన కొమ్మ చివర. నాకిది అన్నిటికంటే నమ్మకమైన గుర్తు. రంగు బూడిదగా మారి, అంచులు పుచ్చి, పుట్టగొడుగులు మొలిచినా ఆ కోత మాత్రం బల్లపరుపుగానే ఉంటుంది. గాలికి విరిగిన కొమ్మ చివర ఎప్పుడూ చీలికలు చీలికలుగా ఉంటుంది.
- చెట్టు బెరడు మీద తల ఎత్తులో పాత గాటు. అంచులు ఉబ్బి పెదవుల్లా మూసుకొస్తుంటాయి.
- పాదాలకు నునుపెక్కిన వేళ్ళు. వాలు పక్కన వరసగా పేర్చిన రాళ్ళు.
- నిట్టవాలులోనూ ఒకే తీరులో మెల్లగా ఎక్కుతూ, మలుపులు తిరుగుతూ పోయే చదును.

మోసం చేసేవి ప్రధానంగా రెండు. మొదటిది జంతువుల దారి. అచ్చం బాటలాగే ఉంటుంది, కానీ కొమ్మలు మీ నడుము ఎత్తులో అడ్డం వస్తుంటాయి. దాని కింద నుంచి వెళ్ళేవాళ్ళకు అంత ఎత్తు చాలు. కాస్త దూరం పోయాక రెండుగా, నాలుగుగా చీలి మాయమవుతుంది. ఒకసారి మేం అలాంటిదాన్ని నమ్మి నలభై నిమిషాలు నడిచాం. చివరికి అది ఒక బండ అంచున, కింద గాలి తప్ప ఏమీ లేనిచోట ఆగింది. వంగి వంగి నడుస్తున్నామని మొదటి ఐదు నిమిషాల్లోనే ఒకరన్నారు. ఎవరం పట్టించుకోలేదు.

రెండోది వాననీటి కాలువ, ఇది మరీ ప్రమాదం. దిగేటప్పుడు బాట పక్కకు మలుపు తిరుగుతుంది, నీళ్ళు మాత్రం తిన్నగా కిందికి దూకుతాయి. ఆకులు కొట్టుకుపోయి శుభ్రంగా కనిపించేది కాలువే. మనం దాంట్లోకే దిగిపోతాం. దిగుడు ఉన్నట్టుండి నిట్టనిలువయితే ఆగి, వెనకాల మలుపు వదిలేశామేమో చూసుకోండి.

పేర్చిన రాళ్ళ గుట్ట కనిపిస్తే సంబరపడి అటు పరుగెత్తకండి, సరదాకి పేర్చేవాళ్ళూ ఉన్నారు. దాని దగ్గర నిలబడితే తర్వాతి గుర్తు కనిపిస్తుందా అన్నది చూడండి.

ఇంకో అలవాటు చేసుకోండి. ప్రతి మలుపు దగ్గర, ప్రతి చీలిక దగ్గర వెనక్కి తిరిగి చూడండి. తిరిగొచ్చేటప్పుడు మీకు కనబడే దారి అదే, వెళ్ళేటప్పుడు చూసినది కాదు.

5. బాట పోయిందా? వెంటనే ఇలా చేయండి

ఐదు నిమిషాలుగా పై ఆనవాళ్ళలో ఒక్కటీ కనిపించకపోతే బాట పోయినట్టే లెక్క. "కాస్త ముందుకెళ్తే కలుస్తుందిలే" అన్న మాట మీ నోట వచ్చిందంటే కాళ్ళు ఆపాల్సిన సమయం వచ్చింది.

మొదట నిలబడి ఊపిరి తీసుకోండి, నీళ్ళు తాగండి. తర్వాత మీ అడుగుల మీదే ఖాయం చోటుకు తిరిగి వెళ్ళండి. అడ్డదారిన వెళ్ళి బాటను కలుసుకుందామని చూడొద్దు. అక్కడ ఒక మనిషి కదలకుండా నిలబడాలి. మిగతావాళ్ళు ఒక్కో దిక్కుకు, పిలిస్తే వినబడేంత దూరమే వెళ్ళి చూసి రావాలి. పడిపోయిన చెట్టు దగ్గర బాట పోతే, చాలాసార్లు అది చెట్టుకు అవతల అలాగే కొనసాగుతుంది. ముందు అక్కడ వెతకండి.

ఒంటరిగా ఉంటే ఖాయం చోటులో కంటి ఎత్తున గుడ్డపీలిక కట్టి, అది కనబడుతున్నంత మేర మాత్రమే తిరగండి. బరువని సంచిని అక్కడ దించి వెళ్ళకండి. దారి దొరికి సంచి దొరక్క ఏడ్చినవాళ్ళున్నారు. వచ్చేటప్పుడు పీలికలు విప్పి తెచ్చేయండి, లేకపోతే మీ పొరపాటే తర్వాతివాళ్ళకు గుర్తు అవుతుంది.

పావుగంట వెతికినా దొరకకపోతే వెనుదిరగండి. వాగు పట్టుకుని కిందికి పోతే ఎక్కడో ఊరు తగులుతుందన్న సలహా నమ్మొద్దు. కొండ వాగు జలపాతాలు దూకుతూ పోతుంది, మీరు దూకలేరు. దిగితే తిరిగి ఎక్కలేని చోటు ఏదైనా సరే, దిగకండి.

6. అడ్డాలు దాటడం

*పడిపోయిన చెట్లు, తుప్పలు.* మాను మీద కాలు పెట్టి ఎక్కకుండా దాటేయడం మేలు. బెరడు ఊడిన తడిమాను సబ్బులా జారుతుంది, పుచ్చినదైతే కాలు లోపలికి దిగుతుంది. కాలు వేసే ముందు అవతలి వైపు నేల చూడండి, పాములు మానుల నీడన పడుకుంటాయి. వంగి బిగుసుకుని ఉన్న కొమ్మల జోలికి పోవద్దు, విడిపడితే ముఖం మీదికే వస్తాయి. తుప్పల్లో మనిషికీ మనిషికీ మధ్య రెండు మూడు మీటర్ల ఎడం ఉంచండి, లేకపోతే ముందువాళ్ళు వదిలిన కొమ్మ వెనకవాళ్ళకు చెంపదెబ్బ. కత్తితో నరుక్కుంటూ పోవాలన్న సరదా వద్దు. అలసట, గాయాలు, చాలాచోట్ల చట్టప్రకారం నేరం కూడా.

*వాగులు.* ఈ నడకల్లో నాకు నిజంగా భయం వేసేది ఇక్కడే. ముందు ఒక పుల్ల నీళ్ళలో వేసి, దానితో పాటు గట్టు మీద నడవండి. మామూలు నడకతో దాన్ని అందుకోలేకపోతే నీరు వడిగా ఉన్నట్టు. వడి ఉండి, లోతు మోకాలు దాటితే వద్దు. నీళ్ళు బురదరంగులో ఉన్నా, అడుగున రాళ్ళు దొర్లుతున్న చప్పుడు వినిపించినా అసలు వద్దు. నీటి అంచున ఒక పుల్ల గుచ్చి అరగంట చూస్తే నీరు పెరుగుతోందో తగ్గుతోందో తెలుస్తుంది. వానకు పొంగిన చిన్న వాగులు కొన్ని గంటల్లో దిగుతాయి, కాచుకుని కూర్చోవడం నామోషీ కాదు.

దాటేచోటు వెడల్పుగా, పాయలు పాయలుగా ఉండాలి. ఇరుకుగా ఉన్నచోట తక్కువ దూరమని ఆశపడతాం, కానీ లోతూ వడీ అక్కడే ఎక్కువ. దిగువన జలపాతంగానీ, అడ్డంగా ఇరుక్కున్న మానులుగానీ ఉంటే ఆ చోటు వదిలేయండి. బూట్లు విప్పకండి. సంచి నడుము పట్టీ, ఛాతీ పట్టీ విప్పేయండి, పడితే సంచి వదిలేయగలగాలి. ఎగువకు ముఖం పెట్టి, కర్ర ఆనించి, పక్కపక్కగా అడుగులు వేయండి. కర్ర, రెండు కాళ్ళు, ఈ మూడింటిలో ఒకసారికి ఒకటే కదలాలి. తాడు ఒంటికి కట్టుకోవద్దు. నీటి వడికి తాడు బిగిస్తే అది మనిషిని నీళ్ళ కిందే పట్టి ఉంచుతుంది.

పడిపోతే వెల్లకిలా తిరిగి, కాళ్ళు దిగువకు పెట్టి, చేతులతో గట్టు వైపు తోసుకోండి. వడిలో లేచి నిలబడాలని చూస్తే పాదం రాళ్ళ మధ్య ఇరుక్కుంటుంది.

*విరిగిన చరియలు, దొర్లుడు రాళ్ళు.* అవతలి వైపు బాట మళ్ళీ ఎక్కడ మొదలవుతుందో కంటికి కనబడ్డాకే అడుగు వేయండి. రాళ్ళ మీద నాచు, మట్టి మీద గడ్డి ఉంటే అది పాతది. మట్టి పచ్చిగా, రాళ్ళు కడిగినట్టుగా ఉంటే ఇంకా కదులుతోందనుకోండి. వానలో అయితే ఆ పక్కకే పోవద్దు. ఒకరి తర్వాత ఒకరు దాటాలి, ఒకరి నెత్తిన ఇంకొకరు ఉండకూడదు. రాయి జారితే ఎవరికి తగులుతుందోనని ఆలోచించకుండా "రాయి!" అని అరవండి. పట్టుకునే ముందు బండను అరచేత్తో తట్టి చూడండి, డొల్లగా మోగితే అది మీ బరువు మోయదు. పైనుంచి చుట్టి వెళ్ళేటట్లయితే, విరిగిన అంచుకు, నేల మీది పగుళ్ళకు బాగా దూరంగా నడవండి.

పాము కాటేస్తే కోయడం, నోటితో పీల్చడం, బిగించి కట్టడం ఏదీ చేయకండి. కాటుపడ్డ చెయ్యి లేదా కాలు కదలకుండా ఉంచి, వీలైనంత త్వరగా ఆసుపత్రికి చేర్చండి.

7. సరిగ్గానే వెళ్తున్నారా? ఇలా తేల్చుకోండి

"మనం ఎక్కడున్నాం?" అన్న ప్రశ్నకు మెదడు ఏదో ఒక జవాబు అల్లేస్తుంది. అందుకే ముందు జోస్యం చెప్పుకోండి. "పది నిమిషాల్లో ఎడమ నుంచి ఒక వాగు కలవాలి, తర్వాత ఎక్కుడు మొదలవ్వాలి." వచ్చిందా, మీరు మ్యాప్ మీదే ఉన్నారు. జోస్యం ఒకసారి తప్పితే జాగ్రత్తపడండి, రెండుసార్లు తప్పితే ఖాయం చోటుకు తిరగండి.

దూరం తెలియాలంటే అడుగులు లెక్కపెట్టండి. చదును నేల మీద 100 మీటర్లకు ఎడమకాలు ఎన్నిసార్లు పడుతుందో ఇంటి దగ్గర కొలుచుకోండి, చాలామందికి 60 నుంచి 70 మధ్య వస్తుంది. ఎక్కుడులో, తుప్పల్లో అది పెరుగుతుంది.

ఇక్కడ అందరూ చేసే తప్పు, నేలకు సరిపోయేలా మ్యాప్‌ను వంచడం. "మ్యాప్‌లో వాగు ఉంది, ఇక్కడ లేదు, ఎండిపోయి ఉంటుందిలే." వాగు ఎండినా దాని లోయ ఎక్కడికీ పోదు. ఇలా సర్దిచెప్పుకోవడం మొదలైందంటే మీరు తప్పిపోయి ఇప్పటికే కొంతసేపయింది.

8. చీకటి పడిపోతే

బాట స్పష్టంగా తెలిసి, హెడ్‌ల్యాంప్ ఉంటేనే నడవండి. లేదంటే ఉన్నచోటే ఆగిపోండి. గాలి తగలని చోటు చూసుకోండి, ఎండిన వాగు పడకలో మాత్రం వద్దు. ఒంటి వేడిని ముందు లాగేది నేలే, కాబట్టి సంచి, ఎండుటాకులు ఏవైనా కిందపరుచుకుని కూర్చోండి. బట్టలు చలి మొదలయ్యాక కాదు, మొదలవకముందే వేసుకోండి.

నిమిషంలో ఆరుసార్లు విజిల్ ఊదండి, ఒక నిమిషం ఆగండి, మళ్ళీ ఊదండి. పర్వతాల్లో చాలాచోట్ల ఇది ఆపద సంకేతం, రాత్రిపూట లైటుతోనూ ఇలాగే చేయొచ్చు. ఫోన్ నుంచి అత్యవసర నంబరు 112కు ప్రయత్నించండి. మీ నెట్‌వర్క్ లేకపోయినా వేరే కంపెనీ టవర్ అందితే చాలా దేశాల్లో ఆ కాల్ కలుస్తుంది. కాల్ నిలవనిచోట కూడా ఎస్సెమ్మెస్ పోయే అవకాశం ఉంది, అందులో మీరున్న అక్షాంశ రేఖాంశాలు పెట్టండి. శాటిలైట్ మెసెంజర్ (ఉపగ్రహం ద్వారా సందేశాలు పంపే పరికరం) కొనుక్కునే ఆలోచన ఉంటే, మీరు వెళ్ళే దేశంలో దానికి అనుమతి కావాలేమో ముందే కనుక్కోండి.

తిరిగొచ్చాక

ఇంట్లో చెప్పినవాళ్ళకు ముందు ఫోన్ చేయండి. స్నానం చేసేటప్పుడు మోకాళ్ళ వెనక, చంకల్లో, జుట్టు మొదళ్ళలో పిడుదులు ఉన్నాయేమో వెతకండి. ఉంటే సన్నటి పట్టకారుతో చర్మానికి ఆనించి పట్టుకుని, తిన్నగా, నిదానంగా లాగండి.

తర్వాత ఫోన్‌లో నమోదైన నడకను మీ లెక్కతో పోల్చండి. నైస్మిత్ లెక్కకు నాది రెట్టింపు, మీది రెండున్నర రెట్లు రావచ్చు. వచ్చేసారి అదే వాడండి. బాట ఎక్కడ పోయింది, ఎక్కడ చరియ విరిగింది, ఏ చెట్టు దగ్గర పక్కకు తిరగాలి అన్నవి కాగితపు మ్యాప్ మీద తేదీతో సహా పెన్సిల్‌తో రాసుకోండి. ఓపెన్‌స్ట్రీట్‌మ్యాప్‌లో ఆ గీత తప్పని మీరు కళ్ళారా చూసి ఉంటే, అక్కడా సరిచేయండి.